చలనచిత్రమును మన యింటి తెలుగును

ఈ సంచికకు ఒక వ్యాసము వ్రాయవలసినదని మన సంఘ కార్యదర్శిగారు కోరినప్పుడు నేను కొంత తటపటాయించితిని. నేను పండితుడను కాను. పదియవ తరగతి వరకు చదివి, ముప్పదియారు సంవత్సరములు ఒక కార్యాలయములో గుమాస్తాగా దస్త్రములు సర్ది, విశ్రాంతి పొందినవాడను. కావ్యములను గూర్చి వ్రాయుటకు నాకు అర్హత లేదు. కాని చలనచిత్రములను గూర్చి వ్రాయుటకు కొంత అధికారము గలదని తలంచుచున్నాను. ఏలయన వరుసలో నిలిచి, సొంత డబ్బుతో టిక్కెట్టు కొని, అర్ధశతాబ్దమునకు పైగా వానిని చూచుచున్నవాడను. సినిమా సంఘమును పాడుచేయుచున్నదని యొక పక్షమువారును, పరరాష్ట్రమున మన భాషను సినిమాయే బ్రతికించుచున్నదని మరియొక పక్షమువారును మన సమావేశములలో వాదించుకొనుట అందరమును వినుచుందుము. రెండు వాదములును నాకు సగము సగముగానే తోచును. మా యింటిలో జరిగిన యొక చిన్న సంగతి ఈ విషయమును మరల ఆలోచింపజేసినది గనుక దానితోనే ఆరంభించుచున్నాను.

గడచిన సంక్రాంతికి మా వియ్యాలవారు హైదరాబాదునుండి వచ్చియుండిరి. మా తల్లిగారికి ఎనుబదియారేండ్లు. ఆమె పుట్టినది కోలారు జిల్లా ముళబాగిలు తాలూకాలోని యొక పల్లె. పెండ్లియై బళేపేటకు కాపురమునకు వచ్చి అరువది సంవత్సరములు దాటినను ఆమె మాట మాత్రము పల్లెమాటయే. పదునొకండేండ్ల మా మనుమరాలు భోజనము ముగింపకయే లేచి పోవుచుండగా, “ఏం పాపా, అన్నం ఇడిసిపెట్టి యాడికి పోతా ఉండావు? రా, స్వల్ప తినేసి పో” అని ఆమె పిలిచినది. పాప గిరుక్కున తిరిగి, అందరివైపును చూచి, “పెద్దవ్వ సినిమాలో విలన్ మాదిరి మాట్లాడుతుంది!” అని నవ్వినది. మా అబ్బాయి నవ్వినాడు. మా కోడలు నవ్వినది. నేనును నవ్వితిని. మా తల్లి నవ్వలేదు. ఆ సాయంకాలమునుండి ఆమె పాపతో తెలుగున మాటలాడుట మానివేసినది. “బా పుట్టి, ఊట మాడు” అని కన్నడములో పిలుచుచున్నది. పాపకు అది వింతగా తోచలేదు; బడిలోను వీధిలోను వినునది అదియే గదా. నాకు మాత్రము ములుకువలె నాటినది. అరువదేండ్లు ఈ నగరమున నుండియు ఇంటిలో విడువని భాషను ఆమె ఒక పిల్ల నవ్వుతో విడిచినది.

పాపను కోపపడి ప్రయోజనము లేదు. ఆ పిల్ల రాయలసీమను చూచి యెరుగదు. కోలారు పల్లెలో ఒక రాత్రి యైనను నిద్రించి యెరుగదు. పెద్దవ్వ మాట దుర్మార్గుని మాట యని ఆమెకు ఎవరు చెప్పిరి? ఎవరును చెప్పలేదు. తెర చూపినది.

ఇక్కడ నా సంగతి కొంత చెప్పుకొనవలెను, పాఠకులు మన్నింతురుగాక. నేను కన్నడ బడిలో చదివితిని. మా నాయనగారు పేటలో ఒక జవుళి అంగడియందు లెక్కలు వ్రాయుచుండిరి. వారికి తెలుగు చదువుటయు వ్రాయుటయు వచ్చును గాని పిల్లలకు నేర్పు తీరిక లేకుండెను. నాకు తెలుగు అక్షరములు వచ్చినది పాటల పుస్తకములవలన. ఈ తరమువారు వానిని చూచియుండరు. సినిమాహాలు వాకిట, పలుచని కాగితముపై అచ్చువేసి, నాయికానాయకుల బొమ్మతో అట్ట వేసి, కొద్ది పైసలకు అమ్మెడివారు. మొదటి పుటలో నటీనటుల పేర్లు, పిదప కథాసంగ్రహము; ఆ కథ సరిగా చిక్కుముడి పడుచోట ఆగి, తరువాతి కథ వెండితెరపై చూడుడని యుండెడిది. అటుపై పాటలు. కన్నడలిపి తెలిసినవానికి తెలుగులిపి కష్టము కాదు. తలకట్టులో తేడా, మరికొన్ని అక్షరముల వంపులలో తేడా, అంతియే. పాట అప్పటికే నోటికి వచ్చియుండును గనుక వ్రేలు అక్షరముపై నుంచి పాడుకొనుచు పోయినచో ఏ గుర్తు ఏ ధ్వనియో తానే తెలియవచ్చును. రెండు వేసవి సెలవులలో నేను ఇట్లు తెలుగు చదువరినైతిని. తరువాత ‘చందమామ’కు వచ్చితిని. దానిని 1947లో ఆరంభించిన నాగిరెడ్డి చక్రపాణిగార్లే ‘మాయాబజార్’ తీసిన విజయావారు. సినిమా నన్ను చేయి పట్టుకొని పుస్తకము వరకు నడిపించి, అక్కడ విడిచిపెట్టినది. ఈ మేలు నేను మరువను. సినిమావలన భాష చెడినదనువారితో నేను పూర్తిగా ఏకీభవింపకపోవుటకు ఇదియే కారణము.

నాటి బెంగుళూరిలో ఆ చిత్రములు తెలుగులోనే మనకు లభించుటకు ఒక చారిత్రక కారణమును గలదు. అది మన పిల్లలకు తెలియదు. పెద్దలలో కూడ కొందరు మరచిరి. 1950, 60 ప్రాంతములలో ఈ నగరపు టాకీసులలో తమిళ, తెలుగు, హిందీ చిత్రములదే పైచేయి. కన్నడ చిత్రములు తక్కువ; అవియు పెక్కు మద్రాసులోనే తయారగుచుండెను. పరభాషా చిత్రములకు కన్నడ మాటలు అతికించి విడుదల చేయుటవలన కన్నడ నటులకును సాంకేతికులకును పని దొరకదని ఆందోళన బయలుదేరినది. సుప్రసిద్ధ నవలాకారుడు అ.న.కృష్ణరావుగారు మొదలైనవారు దానికి ముందు నిలిచిరి. 1957లో వచ్చిన ‘మాయాబజార్’ కన్నడ మాటలతో 1965లో వచ్చినది. అటుపిమ్మట కన్నడములోనికి మాటలు మార్చు వ్యాపారము ఇంచుమించు అర్ధశతాబ్దము నిలిచిపోయినది. దానికి శాసనము లేదు. పరిశ్రమలోనివారి కట్టుబాటు మాత్రమే.

ఆ ఉద్యమమును నేను తప్పుపట్టను. చిన్న విపణి గల భాషవారు తమ కళాకారులను కాపాడుకొనిరి. దాని ఫలముగా కన్నడ చిత్రసీమ స్వయముగా నిలద్రొక్కుకొన్నది. కాని ఎవరును ఊహింపని ఫలితమొకటి కలిగినది. తెలుగు చిత్రము కన్నడములోనికి మారరాదు గనుక తెలుగుననే ఆడినది. కన్నడిగులు తమ భాషకొరకు కట్టుకొన్న గోడ మన భాషకు కూడ నీడయైనది. మెజెస్టిక్ ప్రాంతమున (ఆ పేరే ఒక టాకీసువలన వచ్చినది) గాంధీనగరమునుండి కెంపేగౌడ రోడ్డు వరకు ఏ వారమైనను తెలుగు మాట వినవచ్చుచుండెను. 1968లో ఆరంభమై 2017లో మూతపడిన కపాలి టాకీసువంటి పెద్ద సినిమాహాళ్ళు ఆ వీధులకు తిరునాళ్ళ శోభ నిచ్చుచుండెను.

1978లో బాలచందర్‌గారి ‘మరోచరిత్ర’ వచ్చినప్పుడు నాకు పదునెనిమిదేండ్లు. తమిళ బాలుడు, తెలుగు బాలిక, విశాఖపట్టణపు సముద్రతీరము, ఇరువైపుల తలిదండ్రులకు అడ్డుగోడ భాష. ఆ నలుపుతెలుపుల తెలుగు చిత్రము తమిళ దేశములోను తెలుగుననే ఆడినది. కన్నడ రాజధానియైన బెంగుళూరిలోను తెలుగుననే సంవత్సరమునకు మించి ఆడినది. దానిని మరల మరల చూచినవారిలో తెలుగు రానివారెందరో! రెండేండ్లకు విశ్వనాథ్‌గారి ‘శంకరాభరణము’ వచ్చినది. తరువాత నాతో పనిచేసిన మండ్య వైపు మిత్రుడొకడు ఆ పాటలను కన్నడలిపిలో వ్రాసికొని, మధ్యాహ్నపు విరామములో నా యెదుట కూర్చుండి అర్థము లడుగుచుండెను. అర్థము చెప్పలేక నేను తడుముకొనిన పదములును కొన్ని కలవు. అతనివలన నేను ఇంటికిపోయి నిఘంటువు తెరచితిని. పొరుగువాడు మన భాష నేర్చుకొనుచున్నప్పుడు మనకు దానియందు గౌరవము హెచ్చును. ఇది మానవ స్వభావము.

సరే, ఆ చిత్రములలోని తెలుగు ఎవరి తెలుగు? ఈ ప్రశ్న నాడు మాకు తోచలేదు. సముద్రాల రాఘవాచార్యులు, పింగళి నాగేంద్రరావు, మల్లాది రామకృష్ణశాస్త్రి, ఆత్రేయ మున్నగువారు వ్రాసిన మాటలు మద్రాసు స్టూడియోలలో పుట్టినవి. కృష్ణా గోదావరీ తీరముల చదువుకొన్నవారి భాషకు కొంత పుస్తకభాష కలిపినట్లుండును. బళేపేటలో ఏ యింటిలోను అట్లు మాటలాడరు. అయినను మాకు అది పరాయిగా తోచలేదు. పండుగనాటి పట్టుబట్టవంటిదిగా తలచితిమి. ఇంటిలో నూలుబట్టవంటి భాష వేరే యుండనే యున్నది. పండుగబట్ట ఇంటిబట్టను వెక్కిరింపలేదు. పింగళివారు వీరతాడు వంటి వింత పదములను సృష్టించి పిల్లల నోళ్ళలో వేసిరి; మా తల్లియు మమ్ము మెచ్చుకొనునప్పుడు ఆ మాటయే వాడుచుండెను. యాసతో నవ్వించుట ఆ రోజులలోను లేకపోలేదు. రమణారెడ్డిగారు నెల్లూరు మాటతో ఎంత నవ్వించిరి! కాని ఆయన నెల్లూరు సీమవాడు. తన యింటి మాటతో తాను ఆడుకొనినాడు. ఆ నవ్వులో ఎవరికిని గాయము తగులలేదు.

గాయము తరువాత వచ్చినది. 1997లో ‘ప్రేమించుకుందాం రా’, 1999లో ‘సమరసింహారెడ్డి’, 2001లో ‘నరసింహనాయుడు’, 2002లో ‘ఆది’, ‘ఇంద్ర’, 2003లో ‘ఒక్కడు’ – ఈ వరుసలో ముఠాకక్షల కథ ఒక అచ్చుగా స్థిరపడినది. తెల్లచొక్కాలు, వేటకొడవళ్ళు, గాలిలోనికి ఎగురు సుమో బండ్లు. ఆ బండ్లకు అయిన వ్యయముతో మన సంఘభవనమునకు పైఅంతస్తు వేయవచ్చునని ఒక మిత్రుడు లెక్క వేసినాడు! ఆ చిత్రములు సీమ ప్రజలను కేవలము నరకువారినిగా చూపెనని పలువురు విమర్శకులు వ్రాసియున్నారు; దానిని నేను మరల చెప్పను. నేను చెప్పదలచినది మాటను గూర్చి. ఆ చిత్రములలో సాధారణముగా కథానాయకుడు సీమలో పుట్టినవాడే యైనను మాటలాడునది కోస్తా మాటయే. సీమ యాస ప్రతినాయకునికి, అతని తమ్ములకు, బాంబులు మోయు అనుచరులకు. ‘ఒక్కడు’లో కర్నూలు దుర్మార్గునిగా నటించిన ప్రకాశ్ రాజ్‌గారు మన బెంగుళూరువారే, నటనలో ఘనుడు. ఆయన దోషము లేదు. పాత్రకు ఆ యాస నిచ్చినది వ్రాసినవారు, తీసినవారు.

జయప్రకాశ్ రెడ్డిగారి సంగతి ఇంకను విచిత్రము. ఆయన కర్నూలు జిల్లా బిడ్డ, ఉపాధ్యాయుడుగా నుండి నాటకరంగమునుండి వచ్చినవాడు, 2020లో స్వర్గస్థుడైనాడు. ‘ప్రేమించుకుందాం రా’లో ఆయన నోటివెంట అచ్చమైన సీమ మాట మొదటిసారి విన్నప్పుడు మా తల్లి కుర్చీలో ముందుకు వంగి, “వీడెవురురా, మనోడే!” అని సంతోషించినది. ఆయన చేసిన పాత్ర క్రూరుడని ఆమెకు పట్టలేదు. తన మాట తెరమీద వినవచ్చుట ఆమెకు అదే మొదలు. అప్పుడు మేమును సంతోషించితిమి. ఆ సంతోషమున పొంచియున్న అపాయమును కనుగొనుటకు నాకు పాతికేండ్లు పట్టినది.

యాస తెరకెక్కుట దోషము కాదు. ఏ నోటికి దానిని ఇచ్చిరి, ఏ నోటికి ఇయ్యలేదు అన్నదే విషయము. సీమ మాటతో తొడగొట్టినవారిని వందలాదిగా చూచితిమి. సీమ మాటతో బిడ్డకు అన్నము కలిపి పెట్టిన తల్లిని ఎన్ని చిత్రములలో చూచితిమి? ఆ మాటతో లెక్క వ్రాయు గుమాస్తాను, పాఠము చెప్పు పంతులును, పెండ్లిచూపులలో సిగ్గుపడు పిల్లను చూచితిమా? ఒక భాషలోని కోపమును మాత్రమే ఇరువదేండ్లు వినిపించి, అందలి లాలనను దాచినచో, విన్న పిల్లకు లాలన కూడ కోపముగానే వినబడును. అన్నము తిని పొమ్మని పిలిచిన ముసలమ్మ దుర్మార్గుడైనది ఈ విధముగానే.

పుస్తకములలో ఈ లోటు లేదు. నామిని సుబ్రహ్మణ్యం నాయుడుగారి ‘పచ్చనాకు సాక్షిగా’ తెరచి చూడుడు. తిరుపతి వైపు పల్లెలోని తల్లీబిడ్డల మాట ఎంత మెత్తగా నున్నదో తెలియును. నేను దానిని మా తల్లికి చదివి వినిపించితిని. ఆమె కొంగు నోటికడ్డము పెట్టుకొని నవ్వినది, కొంతచోట కన్నీరు తుడుచుకొన్నది. కాని మా పాపకు దానిని చదువ రాదు.

ఆ మాట దగ్గర ఆగవలసి యున్నది. నేను సినిమావలన చదువ నేర్చితిని. పాప సినిమావలన చదువకయే నడుపుకొనుచున్నది. ఆమె తెలుగు చిత్రములు నాకంటె హెచ్చుగా చూచును. ఇంటిలోని తెరపై చిత్రము పేరు ఇంగ్లీషు అక్షరములలో నుండును. క్రింద ఇంగ్లీషులో మాటల తర్జుమా పరుగెత్తుచుండును. చెవికి తెలుగు, కంటికి ఇంగ్లీషు. గోడపత్రికలమీద కూడ ఇంగ్లీషు అక్షరములదే పెద్దపీట. మా కాలమున ఆరడుగుల తెలుగక్షరములు కెంపేగౌడ రోడ్డుపై నిలిచి మమ్ము చదువుమని పిలుచుచుండెను. పాటల పుస్తకము ఎన్నడో పోయినది. ఒక్కొక్క మెట్టుగా తీసివేసిన పిదప పిల్లలు మేడ యెక్కలేదని మనము విచారించుచున్నాము.

రేడియోను గూర్చి ఎక్కువ వ్రాయను. సిలోను, వివిధభారతి, రాత్రివేళ గరగరలమధ్య కడప కేంద్రము – వానినుండి మాకు పాట వచ్చినది, శుద్ధమైన ఉచ్చారణ వచ్చినది. 1995లో జెమిని, ఈటీవీ వచ్చినవి. మరుసటి సంవత్సరము మొదలైన ‘పాడుతా తీయగా’ను మా యింటిలో అందరును కలసి చూచుచుంటిమి. బాలసుబ్రహ్మణ్యంగారు పిల్లల ఉచ్చారణను ఓర్పుతో దిద్దుచుండుట చూచి మా అబ్బాయి ‘శ’, ‘ష’ భేదము నేర్చినాడు. ఆయన కన్నడములోను పిల్లలచేత అట్లే పాడించినాడు. 2020లో ఆయన పోయినప్పుడు మా వీధిలో తెలుగువారు, కన్నడిగులు అను తేడా లేకపోయినది. ధారావాహికలను గూర్చి నేను మాటలాడకుండుటయే మేలు. మా యింటి శాంతికి భంగము.

మరల చిత్రములకు వత్తును. 2015లో కాంపిటీషన్ కమిషన్‌వారు అనువాద చిత్రములను అడ్డుకొనుట పోటీచట్టమునకు విరుద్ధమని తీర్పు చెప్పి, కర్ణాటక చలనచిత్ర వాణిజ్యమండలి మున్నగు సంస్థలకు జరిమానా విధించిరి. 2019 నాటికి ‘సైరా నరసింహారెడ్డి’ వంటి పెద్ద చిత్రములు కన్నడ మాటలతోను విడుదలైనవి. 2022 మార్చిలో ‘ఆర్.ఆర్.ఆర్.’ విడుదలకు ముందటి ఉత్సవమును చిక్కబళ్ళాపురములో జరిపిరి. నాటి ముఖ్యమంత్రి బసవరాజ బొమ్మైగారు విచ్చేసిరి. అది రెండు భాషలును ఒకే యింటిలో వినిపించు జిల్లా. దర్శకుడు రాజమౌళిగారు రాయచూరు జిల్లాలో పుట్టినవాడు. అయినను చిత్రము విడుదలైనప్పుడు కన్నడ మాటల ప్రతికి ఆటలు చాలినన్ని ఇయ్యలేదని కన్నడాభిమానులు నొచ్చుకొనిరి. వారి కోపము న్యాయమే. తమ ఊరిలో తమ భాషలో చూచు హక్కు వారికి కలదు. గోడ పడిపోయినది, దానితో మన నీడయు కొంత పోవును. మండ్య మిత్రుని మనుమడు ఇక నా మనుమరాలిని అర్థము లడుగడు. దానికి నేను బాధపడుదును గాని అన్యాయమని అనజాలను. ఇటునుండి అటు పోయిన ‘కె.జి.ఎఫ్.’ (2018, 2022) మన పిల్లలను ఉర్రూతలూపినది. 2001లో మూతపడిన కోలారు గనులలో పనిచేసినవారు పెక్కురు తమిళులు, తెలుగువారు. ఆ చిత్రములో మా తల్లి పుట్టిన కోలారు కొరకు వెదకితిని. ధూళియు తుపాకులును తప్ప కనబడలేదు.

ఇంతలో కాలము మారినట్లు కొన్ని గురుతులు కలవు. తెలంగాణ మాట కూడ చిరకాలము రౌడీలకును హాస్యగాళ్ళకును విడిచిపెట్టబడినదే. 2017లో శేఖర్ కమ్ములగారి ‘ఫిదా’లో కథానాయిక తలయెత్తి ఆ మాట మాటలాడినది. 2023లో ‘బలగం’ చావు ఇంటి కథను ఆ మాటలోనే చెప్పగా, పల్లెలలో తెరలు కట్టుకొని ఊరంతయు కూర్చుండి చూచిరి. మా వియ్యపురాలు కరీంనగరు వైపువారు. సంక్రాంతి సంగతి జరిగిన రాత్రి ఆమె నా భార్యతో వంటయింటిలో, “మా మాటను గూడ గిట్లనే నవ్విండ్రు వదినా. నేను కాలేజీకి పొయ్యి మాట మార్చుకున్న. ఇప్పుడు మార్చుకోకుంటే బాగుండు ననిపిస్తది” అన్నదట. భోజనములవేళ అందరమును నవ్వినప్పుడు ఆమె నవ్వలేదని నాకు అప్పుడు జ్ఞాపకము వచ్చినది.

2021లో ‘పుష్ప’ వచ్చినది. చిత్తూరు మాట మొదటిసారి అంత పెద్ద కథానాయకుని నోట మొదటినుండి చివరివరకు వినవచ్చినది. దర్శకుడు సుకుమార్‌గారు గోదావరి జిల్లావాడు. నటుడు అల్లు అర్జున్‌గారు మద్రాసున పెరిగినవాడు. ఇరువురును శ్రమించి ఆ మాటను పట్టుకొనిరి. 2023లో ప్రకటించిన జాతీయ పురస్కారములలో ఉత్తమనటుని బహుమతి తెలుగు నటునికి మొట్టమొదట దక్కినది ఆ పాత్రకే. ఎక్కడెక్కడి పిల్లలో భుజము వంకర చేసి నడచిరి. నేను ఆశపడి పాప నడిగితిని: “ఆ మాటయే గదమ్మా పెద్దవ్వ మాట, కథానాయకుడే మాటలాడినాడు గదా?” పాప క్షణము ఆలోచించి, “వాడు కూడా స్మగ్లరే కదా తాతా” అన్నది. నేను మారు పలుకలేకపోతిని. గొడ్డలి దుర్మార్గుని చేతినుండి నాయకుని చేతికి మారినది. అన్నపుగిన్నె ఇంకను ఎవరి చేతికిని రాలేదు. రెండవ భాగము విడుదలకు ముందురాత్రి, 2024 డిసెంబరు 4వ తేదీన, హైదరాబాదులో నొక సినిమాహాలువద్ద తొక్కిసలాటలో ఒక తల్లి మరణించినది. అభిమానము ఎంత దూరము పోవునో తలచుకొన్న భయము కలుగును. ఇక్కడి అర్ధరాత్రి ఆటలకు, పాలాభిషేకములకు పరుగెత్తు మన కుర్రవారి తలిదండ్రులు ఆ వార్త చదివియే యుందురు.

నిందించుట సులభము. మన సంఘము చేసినదేమి? ఉగాదికి పిల్లలచేత పద్యము చెప్పించు ఆచారము మానినది ఎవరు? సినిమా పాటకు గంతులు వేయించుచున్నది ఎవరు? కవిని పిలిచిన నాడు మొదటి రెండు వరుసలు నిండవు; అందులోను సగము కార్యవర్గ సభ్యులు. సినీసంగీత విభావరి పెట్టిననాడు బయట కుర్చీలు వేయవలసి వచ్చును. నేను మూడేండ్లు కోశాధికారిగా నుంటిని. కవిసమ్మేళనమా, విభావరియా అని ఓటు పెట్టినప్పుడు మూడేండ్లును నేను విభావరికే చేయి యెత్తితిని. చందాలు దాని వలననే వచ్చును. భవనమునకు సున్నము దాని వలననే పడినది. కనుక నా విమర్శలో నా వంతు నేను తీసికొనుచున్నాను. కాని మన విభావరిలోనైనను పాటల పుస్తక మొకటి, నాలుగు పుటలదైనను సరే, తెలుగు అక్షరములలో అచ్చువేసి పిల్లల చేతికి ఎందుకు ఇయ్యరాదని నేను కార్యవర్గమునకు వ్రాసితిని. అచ్చు ఖర్చు నేనే పెట్టుకొందునని కూడ వ్రాసితిని. పరిశీలించుచున్నామని ప్రత్యుత్తరము వచ్చినది.

చివర నొక చిత్రమును పేర్కొనవలెను. 2021లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన ‘సినిమా బండి’. ప్రవీణ్ కండ్రేగుల దర్శకుడు. ఆంధ్ర కర్ణాటక సరిహద్దు పల్లె. ఒక ఆటోవానికి తన బండిలో ఎవరో మరచిపోయిన కెమెరా దొరకును. ఊరివారిని కూడగట్టుకొని దానితో సినిమా తీయ మొదలిడును. కొడవలి లేదు, సుమో లేదు. కూరగాయలు అమ్ము పిల్ల, మంగలి, ఫొటోలు తీయువాడు – అందరును మా తల్లి మాదిరిగా మాటలాడుదురు. కథ కొన్నిచోట్ల సాగదీసినట్లున్నది, కెమెరా దొరికినవాడు దానిని తిరిగి యిచ్చుటను గూర్చి మొదటనే యోచింపకపోవుట నావంటి దస్త్రముల మనిషికి కొంత బాధ కలిగించును; అయినను అది మనసుకు హత్తుకొను చిత్రము. గడచిన శివరాత్రి జాగరణకు నేను దానిని పెట్టితిని. పాప నా ప్రక్కను, మా తల్లి మంచముమీదను. పది నిమిషములు గడచినవో లేదో ఆమె లేచి కూర్చుండి, “ఎవుర్రా వీళ్ళు? మన పక్కోళ్ళ మాదిరి ఉండారే” అన్నది. పాప ఆమెవైపు చూచినది, తెరవైపు చూచినది. ఆమెకు నవ్వవలసినది ఎక్కడనో తెలియలేదు. తెరమీదివారు నవ్వించుచున్నారు గాని వారి మాట నవ్వులాట కాదు. కొంతసేపటికి క్రింద ఇంగ్లీషులో తర్జుమా కానరాని మాట యొకటి వచ్చెను, పాప నన్ను అడుగక, మంచము దగ్గరకు జరిగి, “పెద్దవ్వా, అంటే ఏమి?” అని అడిగినది. మా తల్లి చెప్పినది, కన్నడములో చెప్పినది.

ఇప్పటికిని ఆమె పాపతో కన్నడములోనే మాటలాడుచున్నది. తొందరలో నున్నప్పుడు, లేదా పాప కాలు తొట్రుపడినప్పుడు, మరచి తెలుగులోనికి వచ్చును.